రజాకారు వేషం

కౌతాళం దాటి ఏటి గట్టుకు పోతే వచ్చే ఆ ఊళ్లో పంద్రాగస్టుకు జెండా ఎగరేస్తే సరిపోదు. నలభై ఎనిమిదిలో నిజాం రాజ్యం నుంచి జనం తుంగభద్ర దాటి వచ్చి అక్కడే తలదాచుకున్న సంగతిని నాటకంగా ఆడాలి. చివర్లో బడి పిల్లలంతా జొన్న దంట్లు పట్టుకుని రజాకారును తరమాలి. రజాకారు వేషం ఏటేటా టైలర్ ఉస్మాన్ సాబుదే.

ఆడించేది ఎస్తేరు టీచర్, ఎవరికి ఏ వేషమో చెప్పేది ఊరి పెద్ద మాదన్న. పోయినేడు మీసం దిద్దుకుంటూ ఉస్మాన్ సాబు ఆమెతో నవ్వుతూ అన్నాడు.

"ఆ జనాన్ని పుట్టిలో ఏరు దాటించి ఈ గట్టుకు తెచ్చింది మా నాయనే తల్లీ. ఆ యేసం అడిగితే మాదన్న ఇయ్యడు. నా మీసం రజాకారుకే బాగుంటాదంట!"

ఎస్తేరూ నవ్వింది. ఈ ఏడు నాటకం మార్చాలనుకుంది గాని, మాదన్నతో మాటెందుకని ఊరుకుంది.

ఉస్మాన్ సాబు మనవరాలు నాజ్నీన్ ఈ ఏడే ఒకటో తరగతిలో చేరింది. అందరిలో అదొక్కటే ఒట్టి చేతులతో నిలబడితే బాగుండదని ఎస్తేరే దాని చేతికి దంటు ఇచ్చింది.

రజాకారును తరిమే ఘట్టం వచ్చింది. "పరిగెత్తు సాబూ! ముసిలోనివైపోయినావప్పా!" మాదన్న అరిచాడు. జనం పకపకా నవ్వారు. పిల్లలు దంట్లు గాలిలో ఊపుతున్నారు. నాజ్నీన్ కాసేపు అందరి మొహాలూ చూసింది. తర్వాత ముందుకురికి తాత మోకాలి మీద కొట్టింది. దంటు చీలిపోయేదాకా కొట్టింది. ఉస్మాన్ సాబు "సచ్చినానప్పో" అంటుంటే జనం ఇంకా నవ్వారు. చివరి అరుపు వేషం కాదని దగ్గరున్న ఎస్తేరుకు తెలిసింది.

మొహం కడుక్కుని ఆయన బడి గేటు దగ్గరికి వచ్చాడు.

"రా బిడ్డా, ఇంటికి పోదాం."

నాజ్నీన్ ఎస్తేరు వెనక దాక్కుంది. "నేను రాను దాదా. నీతో వస్తే నన్నూ కొడతారు."

"అది నాటకమని సెప్పు తల్లీ," అన్నాడాయన.

"నాటకమే నాజ్నీన్," అంది ఎస్తేరు. ఆ మాట తనకే అబద్ధంలా వినిపించింది. పిల్ల ఆమె చీర కొంగు వదల్లేదు.

"నువ్వే తోలుకురా తల్లీ," అని ఉస్మాన్ సాబు కుంటుకుంటూ ముందు నడిచాడు.

వెనక ఎస్తేరు పిల్ల చెయ్యి పట్టుకుని నడిచింది. ఆయన అలసి ఆగినప్పుడల్లా పిల్ల కూడా ఆగిపోయింది. దాన్ని ముందుకు లాగడానికి ఎస్తేరుకు చెయ్యి రాలేదు.