మేడమ్ అన్నదంతా చెప్పు

పాలవాడు నవ్వుతూ పలకరిస్తే ఈపూట నీళ్లు ఎక్కువ కలిపాడనుకునే మనిషి దేవకృప. అలాంటిది, ఎక్కడో ఫ్రాన్సు నుంచి వచ్చిన సినిమా ఆమె తన కూతుర్ని నాలుగు నెలలు తీసుకుపోతానంటే ఊరుకుంటుందా?

కూతురు షెకీనాకు ఇరవై మూడేళ్లు. ఇంటర్‌లో మార్కులు బాగా పడతాయని ఫ్రెంచి తీసుకుంది. మార్కుల కోసం పట్టుకున్న భాష ఆ పిల్లను వదల్లేదు. డిగ్రీ అయ్యేసరికి గడగడా మాట్లాడటం వచ్చేసింది. బన్సీలాల్‌పేట్ మెట్లబావి దగ్గర నెలరోజులుగా ఫ్రెంచివాళ్ల షూటింగ్ నడుస్తుంటే, వాళ్లకూ మన నటులకూ మధ్య మాటలు చేరవేసే పని దొరికింది. మిగతా సగం సినిమా ఫ్రాన్సులో. "నువ్వు కూడా రా" అంది ప్రొడ్యూసర్ ఓడిల్ మేడమ్, ఒకప్పటి హీరోయిన్. మమ్మీ సరేనంటేనే వస్తానంది షెకీనా. తండ్రి నోవహు రైల్వే డ్యూటీ సాకు చెప్పి తప్పుకున్నాడు. దాంతో ఆదివారం చర్చి అయ్యాక మేడమే రాంగోపాల్‌పేట్‌లోని రెండు గదుల ఇంటికి వచ్చింది.

చూడగానే దేవకృపకు అనుమానం వచ్చింది. ఫోన్‌లో చూసిన ఫొటోల్లో నల్లటి జుట్టు, ఎర్రటి పెదవులు. ఈమెకేమో తల నెరిసిపోయింది, ఒంటిమీద నలిగిన కాటన్ చొక్కా.

"ఈమెనా హీరోయిన్? రిటైరైన టీచరమ్మ లెక్క ఉంది" అని కూతురి చెవిలో ఊదింది.

"అవి ముప్పై ఏండ్ల కిందటి ఫొటోలు మమ్మీ. నీ పెండ్లి ఫొటో చూసి నిన్ను గుర్తుపడతరా ఎవరన్నా?"

"నోరు ముయ్యి. ప్రొడ్యూసరంటే కార్ల దిగాలె. ఆటోల ఎందుకొచ్చింది?"

"మన గల్లీల కారు పడతదా?"

"మస్తు జవాబులు నేర్చినవ్."

సేమియా పాయసం గిన్నె మేడమ్ చేతికిచ్చి ఎదురుగా కూర్చున్నాక గానీ అసలు చిక్కు తట్టలేదు దేవకృపకు. ఆమె ఏమన్నదో చెప్పేది ఈ పిల్లే. పోవాలని తహతహలాడేదీ ఈ పిల్లే. దొంగ చేతికి తాళాలిచ్చినట్టు లేదూ?

"సినిమాలల్లకు ఎట్లొచ్చిందో అడుగు. ప్రొడ్యూసర్ ఎందుకయిందో అడుగు."

"పందొమ్మిదేండ్లకే వచ్చిన్రంట. వాళ్ల నాన్న బడి పంతులంట. నలభై సినిమాలు చేసిన్రంట."

"మగోళ్లెవ్వలూ తక్లీఫ్ పెట్టలేదా?"

"మమ్మీ! గిట్ల అడుగుతరా?"

"బిడ్డను పంపమన్నప్పుడు అడుగుతా."

షెకీనా నీళ్లు నమిలి, అడిగింది. మేడమ్ చెంచా గిన్నెలో పెట్టేసింది. చాలాసేపు మాట్లాడింది. వింటున్న కొద్దీ పిల్ల తల వంగిపోయింది.

"మొదట్ల జెర కష్టపడ్డరంట. తర్వాత ప్రొడ్యూసర్ అయిన్రంట."

"ఆమె మాట్లాడింది ఐదు నిమిషాలు. నువ్వు చెప్పింది రెండు ముక్కలు. మిగిలింది ఏడ దాచినవే? మేడమ్ అన్నదంతా చెప్పు."

షెకీనా అరచేతులు చున్నీకి తుడుచుకుంది. ఎవరి వంకా చూడకుండా చెప్పింది.

"రెండో సినిమాకు ప్రొడ్యూసర్ కథ వినుమని హోటల్ గదికి పిలిచిండంట. పోయినంక గడియ పెట్టిండంట. కుర్చీ ఎత్తి వాని మీదేసి బయటపడ్డరంట. తర్వాత రెండేండ్లు ఎవ్వలూ పనియ్యలే. పొగరుదని పేరు పెట్టిన్రంట. ఇంటికి పోయి చెప్పుకుంటే వాళ్లమ్మ... అసలు నువ్వెందుకు పోయినవ్ అన్నదంట. అందుకే నలభై దాటినంక సొంతంగ కంపెనీ పెట్టిన్రు. తన సెట్ల ఏ తలుపు మూసుండాల్నో, ఏది తెరిచుండాల్నో తనే చెప్పాలని."

 దేవకృప భయపడ్డది అక్షరాలా ఇదే. చూసినవా నేను చెప్పలే అందామని నోరు తెరిచింది. అంతలో ఇంకో ఆలోచన అడ్డం వచ్చింది. పోవాలని ఆశపడే పిల్ల, పోకుండా ఆపే మాటను పూస గుచ్చినట్టు చెప్పింది కదా!

మేడమ్ ఈసారి దేవకృపనే చూస్తూ ఏదో అడిగింది.

"ఏమంటుంది?"

"ఏం లేదు."

"షెక్కీ!"

"రేపు నేను ఆడికెళ్లి ఫోన్ చేసి గిట్లాంటిది జరిగిందని చెప్తే... నువ్వు నమ్ముతవా అని అడుగుతున్నరు."

పక్కింట్లో కుక్కర్ కూత పెట్టింది. దేవకృప నాలుక చివరికి మాట సిద్ధంగా వచ్చి నిలబడింది: అసలెందుకు పోవాలె? అది మేడమ్ తల్లి అన్న మాటే. గుటుక్కున మింగేసింది. నెల రోజులుగా ఈ పిల్ల ఇంటికొచ్చిన వేళను అనుమానించింది, ఫోన్‌లో నవ్విన నవ్వునూ అనుమానించింది. ఇప్పుడా పిల్ల టేబుల్ గుడ్డ దారం పీకుతూ కూర్చుంది. జవాబు కోసం కాచుకున్నది మేడమ్ కాదు.

"నమ్ముత" అంది దేవకృప. "ముందుగాల నమ్ముత. తిట్టేది తర్వాత."

షెకీనా ఆ మాట ఫ్రెంచిలో చెప్పబోయి, సగంలోనే చున్నీతో కళ్లు తుడుచుకుంది. మేడమ్ ఆమె భుజంమీద చెయ్యి వేసి, చెప్పనక్కర్లేదన్నట్టు తలూపింది.

ఆ చేతిని దేవకృప రెప్ప వెయ్యకుండా చూసింది.

"సరే, పోయి రా" అంది చివరికి. "కానీ నాకు నమ్మకం కుదిరిందని మాత్రం ఆమెకు చెప్పకు."