పదిహేడు కాదు, డెబ్బై ఒకటి

"అంకెలు తిరగేశావే," అన్నాడు మా ఆయన.

నేనప్పుడు ఆయన తెల్లచొక్కా కాలరు ఇస్త్రీ చేస్తున్నాను. పోయినసారి క్విజ్ రోజున కాలరు కొసన చిన్న ముడత ఉండిపోయిందట. అది స్టేజీ మీద ఎంత బాగా కనిపించిందో వారంపాటు చెప్పాడు. ఇప్పుడేమో భోజనాల బల్ల దగ్గర కూర్చుని, ఎర్రపెన్నుతో నా అట్టముక్కలు దిద్దుతున్నాడు. పాత క్యాలెండర్ అట్టల్ని అరచేయంత ముక్కలు కోసి, ఒకవైపు ప్రశ్న, వెనకవైపు జవాబు నీలం ఇంకుతో రాసేది నేను. స్టేజీ మీద చదివేది ఆయన. స్కూల్లో చెప్పేది లెక్కలే అయినా, ఊళ్ళో ఆయన పేరు 'నడిచే భూగోళం'.

"ఏ అంకెలు?" అన్నాను.

"స్విట్జర్లాండులో దేశస్థాయి ఎన్నికల్లో ఆడవాళ్ళకి ఓటు హక్కు ఎప్పుడొచ్చింది అని రాశావుగా. జవాబు 1971 ఏంటే? 1917 అయ్యుంటుంది. కూర కలుపుతూ రాస్తే ఇలాగే ఉంటుంది మరి."

"తిరగెయ్యలేదండీ. డెబ్బై ఒకటే."

"నీ మొహం! ప్రపంచానికి గడియారాలు చేసి అమ్మేవాళ్ళే. వాళ్ళు అంత లేటు చేస్తారా?"

తన జోకుకి తనే నవ్వుకుని, 71 కొట్టేసి పైన 17 అని రాశాడు. లెక్కల మాస్టారి అంకె, ముత్యంలా ఉంది. నాకు ఒళ్ళు మండింది. మామూలుగా అయితే ఆయన స్నానానికి వెళ్ళగానే ఎర్రది కొట్టేసి, పక్కనే మళ్ళీ నీలంతో దిద్దేసేదాన్ని. పన్నెండేళ్ళుగా చేస్తున్న పనే అది. ఆయన స్టేజీ మీద సరైన జవాబు చదివి, చప్పట్లు కొట్టించుకుని, ఇంటికొచ్చి 'చూశావా' అనేవాడు. ఆయన తప్పుల్ని చాటుగా కడిగిపెట్టడం కూడా గిన్నెలు కడిగినట్టే నా పని అనుకున్నాను. కానీ ఆవేళ అట్టముక్కలన్నీ సంచిలో వేసుకుని, ఆ సంచి చంకన పెట్టుకుని మరీ టిఫిన్ తిన్నాడు.

పెళ్ళికి ముందు రెండేళ్ళు నేను చరిత్ర పాఠాలు చెప్పాను. పెళ్ళయ్యాక "ఇంటికో మాస్టారు చాలులే" అన్నాడు. అన్న తీరు ఎంత ముద్దుగా ఉందంటే, నేను కూడా నవ్వాను. ఆ నవ్వు తల్చుకుంటే ఇప్పుడు సిగ్గేస్తుంది. ఇప్పుడు రోజుకి నాలుగు గంటలు లైబ్రరీలో పుస్తకాలకి ముద్రలు వేస్తాను. ఇంటికి అట్లాసో, చరిత్ర పుస్తకమో తీసుకెళ్తుంటే లైబ్రేరియన్ ప్రతిసారీ ఒకటే మాట: "మాస్టారికి ఎంత ఓపికండీ, ఇంత లావు పుస్తకాలు చదువుతారు!" మోసేది నేను, చదివేది నేను, ఓపిక మాత్రం ఆయనది. ఒకసారి చుట్టాలందరి ముందు ఈయన టర్కీ రాజధాని ఇస్తాంబుల్ అన్నాడు. "అంకారా," అన్నాను నేను, గిన్నెలు సర్దుతూనే. మా అత్తగారు మురిసిపోయి, "చూశారా, నా కొడుకు పక్కన కూర్చుంటే చాలు, కోడలికి కూడా తెలివి అంటుకుంది," అంది. ఇస్తాంబుల్ అన్నది ఆ కొడుకేనని ఎవరికీ గుర్తులేదు. ఆయనకీ లేదు.

ఇప్పుడు ఆ అట్టముక్కలు పుస్తకం కాబోతున్నాయి. దేశాలు, రాజధానులు, నదులు, యుద్ధాలు, విప్లవాలు, మొత్తం వెయ్యి ప్రశ్నలు. ప్రెస్సు యజమాని అట్ట నమూనా పంపించాడు. దాని మీద గ్లోబు బొమ్మ, కింద లావు అక్షరాల్లో ఆయన పేరు. "నా పేరు లేదేంటండీ?" అని అడిగితే, "మన ఇద్దరిలో ఎవరి పేరైతే ఏంటే? ఇల్లు ఒకటే కదా," అన్నాడు. ఇల్లు ఒకటే అయినప్పుడు ఆయన పేరే ఎందుకుండాలో మాత్రం చెప్పలేదు. నేనూ గట్టిగా అడగలేదు. అడక్కపోవడం అలవాటైపోయింది.

క్విజ్ ఆవేళే, స్కూలు హాల్లో. నా డ్యూటీ నల్లబల్ల దగ్గర మార్కులు వెయ్యడం. అదీ ఊరికే చేసే పనే. రిటైరైన హెడ్మిస్ట్రెస్ గారు జడ్జిగా కూర్చున్నారు. ముందు వరసలో ప్రెస్సాయన, పుస్తకం ఎలా అమ్ముడుపోతుందో కళ్ళతోనే కొలుచుకుంటూ. చివరి రౌండుకి రెండు టీములు సమానంగా వచ్చాయి. మిగిలింది ఒక్కటే ప్రశ్న. మా ఆయన అట్టముక్క తీసి చదివాడు. స్విట్జర్లాండు.

రెండు జడల పిల్ల ఒకతి లేచి, "1971 సార్," అంది. నేను కూర కలుపుతూ రాసిన అంకె ఎవరో పరాయిపిల్ల నోట వింటుంటే గుండె ఎగిరి గంతేసింది.

"తప్పమ్మా. 1917."

"కాదు సార్, నేను చదివాను..."

"నువ్వు చదివావేమో తల్లీ, ప్రశ్న రాసింది నేను!" అన్నాడు మా ఆయన మైకులో. హాలంతా గొల్లుమంది. ఆ పిల్ల మొహం ఎర్రబడిపోయి, నేను తప్పు చదివానా అన్నట్టు కిందికి చూసి కూర్చుంది. ఆ కూర్చోవడం నాకు బాగా తెలుసు. సరిగ్గా అలాగే నేను పన్నెండేళ్ళ కిందట ఉద్యోగం మానేసి ఇంట్లో కూర్చున్నాను.

"సున్నా వెయ్యి," అన్నాడు నా వైపు తిరిగి.

నేను ఆ టీము కింద పది వేశాను.

"ఏంటది? సున్నా వెయ్యమన్నాను."

"జవాబు కరెక్టు. పది వేశాను."

నాకు మైకు లేదు. అవసరమూ లేదు. మేడ మీద నుంచి వీధి చివరిదాకా వినపడేలా పిలిచి అన్నాలు పెట్టిన గొంతు నాది. "ఆ ప్రశ్న రాసింది ఆయన కాదండీ, నేను," అన్నాను. "ఇన్నేళ్ళుగా మీరు విన్న ప్రతి ప్రశ్నా నేనే రాశాను. అక్కడ ఆడవాళ్ళకి ఓటివ్వాలా వద్దా అని మగవాళ్ళనే అడిగారు. ఓట్లు వాళ్ళకే ఉన్నాయి మరి. 1959లో అడిగితే వద్దన్నారు. 1971లో మళ్ళీ అడిగితే సరేనన్నారు. నమ్మకపోతే ఇప్పుడే ఫోన్లో చూసుకోండి."

మా ఆయన మైకు పక్కకి పెట్టి, పళ్ళ బిగువున, "ఇంట్లో మాట్లాడుకుందాం," అన్నాడు.

"ఇంట్లో మాట్లాడానుగా. మీరు కొట్టేశారు."

హెడ్మిస్ట్రెస్ గారు కళ్ళజోడు పైకి జరుపుకుని ఫోన్లో వెతికారు. తర్వాత అట్టముక్క ఇటివ్వమని చెయ్యి చాపారు. వెనకవైపు తిప్పి చూసి, నీలం అంకెనీ ఎర్ర అంకెనీ చూసి, మా ఆయన వైపు ఒక్క చూపు చూశారు. "పది మార్కులు కరెక్టే," అన్నారు. రెండు జడల పిల్ల కుర్చీలోంచి ఎగిరి నిలబడింది. ఎవరు ముందు కొట్టారో తెలియదు, చప్పట్లు మొదలయ్యాయి. ఆ చప్పట్లలో మా ఆయన కాలరు సర్దుకుంటూ నిలబడ్డాడు. జాలేసిందా అంటే, వెయ్యలేదు.

అందరూ టీలు తాగుతుంటే ప్రెస్సాయన అట్ట నమూనా పట్టుకుని మా దగ్గరికి వచ్చాడు. నా వైపు చూసి ఇబ్బందిగా నవ్వాడు. తర్వాత మా ఆయన వైపు తిరిగాడు.

"మాస్టారూ, పోనీ మీ పేరు కింద 'సహకారం' అని అమ్మగారి పేరు కూడా చిన్నక్షరాల్లో వేద్దామా? మీరేమంటారు?"

మా ఆయన మొహంలోకి మెల్లగా పెద్దమనిషి కళ వచ్చింది. "సరే, వెయ్యండి. దాందేముంది," అన్నాడు. నేను వెంటనే థాంక్సు చెబుతానని ఎదురుచూస్తున్నట్టు నా వైపు చూశాడు.

పేరు నాది, ప్రశ్నలు నావి. అది వెయ్యాలా వద్దా అని వీళ్ళిద్దరూ తేల్చుకుంటున్నారు! నవ్వొచ్చింది, ఆ వెనకే కోపమూ వచ్చింది.

"ఆయన్నెందుకండీ అడుగుతారు? నన్నడగండి," అన్నాను.

ప్రెస్సాయన తడబడ్డాడు. "అలాగేనమ్మా. చెప్పండి, ఎలా వెయ్యమంటారు?"

"ఒక్క నా పేరే. లావు అక్షరాల్లో."

"మరి నేనేం చెయ్యాలే?" అన్నాడు మా ఆయన.

"చదువుకోండి," అన్నాను.