వజ్రబాహువు నవ్విన ఆదివారం

వజ్రబాహువును చంపమని నన్ను మొదట అడిగింది వజ్రబాహువే.

సినిమాలకు మాటలు రాసి పేరు తెచ్చుకుందామని తెనాలి నుంచి వచ్చినవాణ్ణి. ఫిల్మ్‌నగర్ ఆఫీసులో కూర్చుని 'వజ్రబాహువు' అనే టీవీ సీరియల్‌లో ముసుగు వీరుడికి కేకలు రాస్తూ తొంభైల్లో సగం తగలేశాను. ఆదివారం పొద్దున పిల్లలు టీవీలకు అతుక్కుపోయేవాళ్లు. ముసుగులో ఎవరున్నారో తెలియకపోవడమే అసలు మజా అని మా నిర్మాత త్రినాథరావు సిద్ధాంతం. అందుకే టైటిల్స్‌లో నటుడి పేరు వేయలేదు. గొంతు కూడా వేరొకరిదే.

ముసుగులో ఉన్నది రహమత్ నగర్ నర్సింహ. కూరగాయలమ్మే వాళ్లమ్మ దేవమ్మ, వజ్రబాహువు తన కొడుకేనని గల్లీ అంతా చెప్పుకునేది. కాకిపిల్ల కాకికి ముద్దని జనం నమ్మక నవ్వేవాళ్లు. ఆ నవ్వు నర్సింహకు నిద్ర పట్టనిచ్చేది కాదు.

"సార్, జర నన్ను సంపున్రి," అన్నాడొకరోజు. "సినిమాల విలన్ వేషం ఇస్తమంటున్రు. గని గీ సీరియల్ ఖతమైతెనే అంటున్రు. సచ్చేటప్పుడు ముసుగు తియ్యున్రి. నా మొకం నలుగురు జూడాలె."

రోగి కోరిందీ పాలే, వైద్యుడిచ్చిందీ పాలే. సీరియల్‌కు ఆదరణ తగ్గిందని త్రినాథరావు కూడా సరేనన్నాడు. జూబ్లీహిల్స్ బండల మీద, ముసుగు తీయించి మరీ, హాయిగా చంపేశాను.

మా వాళ్లకో ఆచారం ఉంది. శవంగా పడుకున్న నటుడు షాటయ్యాక కళ్లు తెరిచి కెమెరాను చూసి నవ్వాలి. ఆ నవ్వు కూడా టేపులోకి ఎక్కాలి. లేకపోతే అతని ఆయుష్షుకు కీడట. చెర వదిలిందన్నట్టు పగలబడి నవ్వాడు నర్సింహ.

ప్రసారానికి టైమైపోతోందన్న హడావిడిలో ఎడిటింగ్ గదిలో ఆ నవ్వు కత్తిరించడం మరిచిపోయారు.

ఆదివారం మధురానగర్‌లో మా ఇంట్లో కాఫీ తాగుతూ చూస్తున్నాను. వీరుడు కన్నుమూశాడు. పక్కింటి పిల్లలు బావురుమన్నారు. విషాద సంగీతం అయిపోగానే శవం కళ్లు తెరిచి పకపకా నవ్వింది. కాలనీ అంతా ఈలలు!

సాయంత్రానికల్లా త్రినాథరావు ఫోను. "ఏవండీ, స్పాన్సర్లు ఇంకో ఏడాది కావాలంటున్నారు. ఎలా బతికాడో రాసేయండి!"

తానొకటి తలిస్తే దైవమొకటి తలచడమంటే ఇదే.

మర్నాడు నర్సింహ వచ్చాడు. సీరియల్ అయిపోలేదు కాబట్టి సినిమాలో ఆ విలన్ వేషం ఇంకెవరికో ఇచ్చేశారట. కాలరు పట్టుకుంటాడేమోనని భయపడ్డాను. అతను గుమ్మం దగ్గరే కూర్చుండిపోయాడు.

"తప్పు నాది కాదయ్యా, ఎడిటింగులో..."

"గా ముచ్చట ఇడిచిపెట్టున్రి సార్. పొద్దుగాల మా అమ్మ గంప దించంగనే గల్లీ మొత్తం వచ్చింది. ఒక్కరూ బేరం ఆడలే. నీ కొడుకేనా, నీ కొడుకేనా అని అడుగుడే. ఆమె ఏడ్సుకుంటనే అవునని తల ఊపింది."

"మరి సినిమా?"

అతను కళ్లు తుడుచుకున్నాడు.

"మీరు రాయున్రి సార్, నేనొస్త. ముసుగు మాత్రం వద్దని నిర్మాత సాబుకు చెప్పున్రి. సినిమా పోతె పోయింది. మా అమ్మ అబద్ధమాడలేదని అందరికి తెలిసింది."