తలుపుకి చలేసింది

ఆ ఊళ్లో నిప్పు వండుతుంది, కాలుస్తుంది, ఒళ్లు దగ్గర పెట్టుకోకపోతే వాత కూడా పెడుతుంది. వెలుగు మాత్రం ఇవ్వదు. పొద్దు గుంకితే గోడలే దిక్కు. వెన్నెలాకు నూరి తీసిన రంగు గోడకి పూస్తే, పగలంతా ఎండ తాగి చీకట్లో మెల్లగా వెలుగుతుంది. పైగా ఎవరు నూరితే వాళ్ల చేతి వెలుగు. ఒకరిది పచ్చన, ఒకరిది నీలం. కుంచెలాయన భార్య నూరితే జామపండు లోపలి రంగు వచ్చేది. వీధి చివర నుంచి చూసి కూడా, ఇది ఆవిడ చెయ్యేనని చెప్పేసేవాళ్లు.

ఆ పనిలో నూరేవాళ్లు వేరు, పూసేవాళ్లు వేరు. ఆవిడ నూరేది, ఆయన పూసేవాడు. పేరేమో ఆయనది, నడుం నొప్పేమో ఆవిడది! ఆవిడ నూరిందంతా ఊరి గోడలకే పోయేది. సొంతింటికి మాత్రం ఎవరి దగ్గరో చవగ్గా దొరికిన రంగు. రోజూ పొద్దున్నే ఆవిడ కుండలన్నీ మేడ మీదకి మోసుకెళ్లి, మూతలు తీసి కలుపుతూ కూర్చునేది.

"ఏమే, కుండలకి చలేసిందా?" అని ఆయన కింద నుంచి ఎగతాళి.

"ఆఁ, వేసింది. మీకేం తెలుస్తుందిలెండి," అనేది ఆవిడ.

ఏం తెలియాలో అడిగిన పాపాన పోలేదు మహానుభావుడు. ఆయన చేతికొచ్చేసరికి రంగు ఎప్పుడూ తాజాగానే ఉండేది మరి.

ఒక ఏడు వానాకాలంలో జ్వరం తగిలి ఆవిడ పోయింది. కూతురు అప్పుడు కడుపుతో ఉంది. ఏడ్చి ఏడ్చి తండ్రిని ఒక్కటే అడిగింది.

"నాన్నా, ఉయ్యాల దగ్గర గోడకి అమ్మ వెలుగు కావాలి. నా బిడ్డ అమ్మమ్మని ఎలాగూ చూడదు. ఆ వెలుగులోనైనా పడుకోవాలి."

"ఒక్క కుండ మిగిలిందమ్మా. కంటికి రెప్పలా కాపాడతాను."

అన్నట్టే కాపాడాడు. మూత చుట్టూ మైనం పెట్టి, దుప్పట్లో చుట్టి, అటక మీద చీకటి మూలకి నెట్టాడు. అప్పుడప్పుడూ నిచ్చెనెక్కి, దుప్పటి తడిమి, తృప్తిగా దిగేవాడు.

పాప పుట్టింది. ఆ మధ్యాహ్నమే ఆయన గోడ నున్నగా తోమి, కొత్త కుంచె తీసి, కుండ దింపాడు. మైనం గీకి మూత తీశాడు. లోపలంతా నల్లటి బురద. గబగబా కలిపాడు. అరచేతికి రాసుకుని, కాసేపు ఎండకి పట్టి, కిటికీ మూసి చీకట్లో చూసుకున్నాడు. చెయ్యే కనపడలేదు.

కూతురు మంచం మీంచి లేచొచ్చింది. "ఎండ చూపించలేదా నాన్నా? రోజూ ఎండలో పెట్టి కలపకపోతే చచ్చిపోతుంది కదా! అమ్మ మేడెక్కేది అందుకేగా?"

"గోడకి పూశాకే దానికి ఎండ కావాలనుకున్నానమ్మా."

"నీకు తెలుసనుకున్నాను నాన్నా..."

ఆయన కుండని ఒళ్లోకి తీసుకున్నాడు. "నా చేతులారా చంపుకున్నానే తల్లీ. మిగిలిన ఆ కాస్త మీ అమ్మనీ చంపుకున్నాను," అని బావురుమన్నాడు. ఆ ఏడుపుకి పాప లేచి తనూ అందుకుంది.

చీకటి పడ్డాక, ఆ బురద పారబోద్దామని పెరటి తలుపు దగ్గరికి వెళ్లాడు. ఆవిడ పోయాక చీకటి పడితే అటు వెళ్లడమే మానేశాడు. ఆ తలుపు అవతలే ఆవిడ నూరుడు రాయి.

తలుపు మీద, ఆవిడ నడుం ఎత్తున, జామపండు రంగు మరకలు వెలుగుతున్నాయి. పని మధ్యలో లోపలికొస్తూ చేతులు తుడుచుకునేది అక్కడే. "ఊరి గోడలన్నీ నేను అద్దాల్లా పూస్తుంటే, నా ఇంటి తలుపుని మసిగుడ్డ చేశావు కదే!" అని వాటి మీద ఎన్ని పోట్లాటలో! పగలంతా తెరిచుండే తలుపు కాబట్టి ఎండ తాగుతూనే ఉంది. పసిబిడ్డ ఉన్న ఇల్లని, రేపు దానికి వేరే రంగు కొట్టేద్దామని డబ్బా కూడా పక్కనే పెట్టుకున్నాడు ఆయన.

ఆ డబ్బాని ఒక్క తన్ను తన్నాడు. బందులు ఊడదీసి, తలుపుని భుజాన మోసుకొచ్చి ఉయ్యాల పక్కన ఆనించాడు. పాప బుగ్గల మీద గులాబీ వెలుగు పడింది. కూతురు ఒక మరక మీద తన అరచెయ్యి పెట్టింది.

"ఎన్నాళ్లుంటుంది నాన్నా?"

"ఎండ చూపిస్తే, పాపకి నడకొచ్చేదాకా ఉండొచ్చు. ఆ తర్వాత ఉండదమ్మా."

మర్నాడు పొద్దున్నే ఆయన రొప్పుకుంటూ తలుపుని మేడ మీదకి ఎక్కించాడు. ఎదురింటావిడ బట్టలు ఆరేస్తూ చూసి నవ్వాపుకోలేకపోయింది.

"ఏంటన్నయ్యా, తలుపుకి చలేసిందా?"

ఆయన తలుపుని ఎండవైపు తిప్పాడు. "ఆఁ, వేసిందమ్మా," అన్నాడు. "నీకేం తెలుస్తుందిలే," అని కూడా అనబోయాడు. ఆ మాట మానేసి, భార్య కుండలు పెట్టుకునే చోటే తలుపు పక్కన కూర్చున్నాడు.