ఫిరంగికి కుడివైపు సీటు

అయినా ‘కాదు’ అనడానికి ఎంతసేపు పడుతుంది? నోరు తెరిచి మూసేంత. అది అబద్ధమని రెన్విక్‌కు తెలిసే దారి లేదు. తొంభైకి దగ్గరపడ్డ మనిషి, లేచి లైబ్రరీకి వెళ్లి పుస్తకాలు తిరగేయబోడు. తెలియదు. తెలియదని ఇన్నిసార్లు అనుకోవలసి వస్తోందంటే మాత్రం, తనకే నమ్మకం కుదరలేదన్నమాట.

దేవపాల్ బస్సు కిటికీకి తల ఆనించాడు. హార్బర్ బ్రిడ్జి దాటింది. పక్క మోటార్‌వే మీద కార్లు బారులు తీరి నిలబడి ఉన్నాయి. బస్సుల కోసం ఈమధ్యే తెరిచిన దారిలో తన బస్సు ఒక్కటే ఎక్కడా ఆగకుండా పోతోంది. రోజూ ఈ వేగం చూసి సంతోషించేవాడు. ఇవాళ ఎక్కడైనా ఓ అరగంట ఆగిపోతే బాగుండుననిపించింది.

పొద్దున శాండ్రింగ్‌హామ్‌లో ఇల్లు బయల్దేరేటప్పుడు భార్య శిరోమణి టిఫిన్ డబ్బా చేతికిస్తూ అంది.

“కాదని చెప్పెయ్యండి. పోయే మనిషి నెమ్మదిగా పోతాడు. మేం వార్డులో రోజూ చేసే పనేగా.”

“ఏం చేస్తారు?”

“ఏం కాదు, తగ్గిపోద్ది అంటాం. గ్రాఫు కాగితాలు ముందేసుకుని కూర్చోం. ఫిట్టరుకి లైబ్రరీ కార్డిస్తే ఇట్టాగే ఉంటది.”

అతను నవ్వలేదు. ఆమె చెప్పులేసుకుంటూ, ఎటో చూస్తూ అంది. “ఆ ముసలాయన సంగతి సరే. మీరెందుకు బల్ల దగ్గరికి రావట్లేదో అది చెప్పండి ముందు. పన్నెండేళ్లు. ఫాస్టర్ గారు అడిగితే ఏం చెప్పాల నేను?”

నెలకోసారి చర్చిలో ప్రభువు బల్ల ఇస్తారు. మనసులో తీరని తప్పు పెట్టుకుని ఆ రొట్టె ముట్టకూడదని అతని తల్లి చిన్నప్పుడే నేర్పింది. అందరూ లేచి ముందుకు వెళ్తుంటే దేవపాల్ వెనక బెంచీలో, బూటు లేసు సరిచేసుకుంటున్నట్టు వంగి కూర్చుంటాడు. పన్నెండేళ్లుగా అదే లేసు.

రెన్విక్‌తో పరిచయం మొదలైంది ఓ బొమ్మతో. ఆల్బనీ అవతల, వృద్ధులు ఉండే హోమ్‌లో దేవపాల్ కేర్‌గివర్. స్నానాలు చేయించడం, బట్టలు మార్చడం, అన్నం తినిపించడం అతని పని. శిరోమణికి నర్సు ఉద్యోగం వచ్చి న్యూజీలాండ్ వచ్చారు. అంతకుముందు హైదరాబాద్ బాలానగర్‌లో పదహారేళ్లు హైడ్రాలిక్ ప్రెస్సుల ఫిట్టరుగా చేశాడు. ఓ మధ్యాహ్నం రెన్విక్ పేపర్ న్యాప్‌కిన్ మీద ఏదో గీస్తుంటే చూశాడు. రెండు చక్రాలు, పొడవాటి గొట్టం, గొట్టం కింద దానికి సమాంతరంగా ఇంకో సిలిండర్.

“దీని వాల్వు ఎక్కడుంది?” అని అడిగాడు దేవపాల్, కప్పు తీసేస్తూ.

ముసలాయన పెన్సిలు ఆపాడు. చెవుడు వల్ల వినలేదేమోనని దేవపాల్ కుడి చెవి దగ్గర మళ్లీ అడిగాడు. కుడి చెవి ఒక్కటే కొంచెం పనిచేస్తుంది. ఎడమ చెవి ఇరవై రెండేళ్ల వయసులోనే ఫిరంగి పక్కన పోయింది.

“నేనిక్కడికి వచ్చి ఐదేళ్లు,” అన్నాడు రెన్విక్. “డాక్టర్లొచ్చారు, ప్రార్థన చేసే చాప్లిన్ వచ్చాడు. వాల్వు సంగతి ఎవడూ అడగలేదు. కూర్చో, పాల్.”

అది ఫ్రెంచి డెబ్బై అయిదు. గొట్టం నోరు డెబ్బై అయిదు మిల్లీమీటర్లు కాబట్టి ఆ పేరు. దానికి ముందు ప్రపంచంలో ఏ ఫిరంగైనా పేలిన ప్రతిసారీ గజాల కొద్దీ వెనక్కి దొర్లిపోయేది. మనుషులు దాన్ని మళ్లీ తోసుకొచ్చి, మళ్లీ గురి పెట్టుకోవాలి. పద్దెనిమిది వందల తొంభైల్లో ఫ్రెంచివాళ్లు గొట్టం కింద నూనె, గట్టిగా నొక్కిపెట్టిన గాలి ఉన్న సిలిండర్ అమర్చారు. గొట్టం ఒక్కటే నాలుగడుగులు వెనక్కి జారి, నూనెను నెట్టి, గాలి తోపుకు తిరిగి తన చోటికి వచ్చేది. చక్రాలు కదలవు. నిమిషానికి పదిహేను గుళ్లు. చక్రం మీద గ్లాసుడు నీళ్లు పెట్టి పేల్చినా తొణకవని చెప్పుకునేవారట. ఆ సిలిండర్ రహస్యాన్ని ఏళ్ల తరబడి ప్రాణం లాగా దాచారు. మొదటి ప్రపంచయుద్ధం మొదలైన పద్నాలుగులో మార్న్ నది దగ్గర వరసలు కట్టి వచ్చే సైన్యాన్ని అది నిలబెట్టేసింది. ఆ తర్వాత మనుషులు కందకాల్లోకి దిగారు. నేరుగా కొట్టే ఆ ఫిరంగి గుండు వాళ్ల తలల మీదుగా పోయేది. అప్పుడు దాని గొప్పదనం సగమైపోయింది.

“సీట్లు కూడా ఉండేవి,” అన్నాడు రెన్విక్. “బండి కదలదు కదా, కూర్చునే పేల్చొచ్చు. మొదటి గుండుకు మాత్రం దూరం జరగాలి. అది పేలితేనే తోక నేలలో దిగబడుతుంది. ఆ తర్వాత ఆఫీసులో కూర్చున్నట్టే. ఎడమవైపు వాడు దిక్కు చూస్తాడు. కుడివైపు వాడు దూరం పెట్టి, తాడు లాగుతాడు. కుడి సీటు నాది.”

హైదరాబాద్‌లో దేవపాల్ బస్సు మారే స్టాపు పేరు గన్‌ఫౌండ్రీ. నిజాం కోసం ఓ ఫ్రెంచివాడు తోపులు పోయించిన చోటని ఎవరో చెప్పగా విని మరిచిపోయాడు. ఆ సంగతి రెన్విక్‌తో అంటే ముసలాయన చాలాసేపు నవ్వాడు. “ఆ దేశం వాళ్లు నిన్నూ వదల్లేదన్నమాట.”

అసలు సంగతి నెల కిందటగానీ బయటికి రాలేదు.

పంతొమ్మిది వందల నలభై ఒకటి మే నెల, క్రీట్ ద్వీపం. గ్రీసులో తమ ఫిరంగులన్నీ పోగొట్టుకుని, చేతులూపుకుంటూ వచ్చిన న్యూజీలాండ్ గన్నర్లకు, ఎవరెవరి చేతులో మారి వచ్చిన పాత ఫిరంగులు ఇచ్చారు. వాటిలో రెన్విక్ జట్టుకు దక్కింది ఓ డెబ్బై అయిదు. వాడే విధానం చెప్పే పుస్తకం లేదు. గురిచూసే అద్దాలు ఊడిపోయి ఉన్నాయి. దిక్కు కోసం గొట్టం వెంట కన్ను పెట్టి చూశారు. ఎత్తు కోసం మేస్త్రీలు వాడే రసమట్టం కట్టారు. దూరానికి మాత్రం కుడివైపు చక్రం బాగానే ఉంది, దాని మీద అంకెలు కూడా. పద్దెనిమిది దగ్గర పెడితే పద్దెనిమిది వందలు. గుళ్లు తక్కువని పరీక్షకు రెండే పేల్చారు, అవీ సముద్రంలోకి. సముద్రంలో ఎంత దూరాన పడిందో కొలిచేవాడెవడు?

పుట్టి బుద్ధెరిగి గజాల్లో తప్ప దూరం ఎరగని కుర్రాళ్లు వాళ్లు. ఆర్డర్లన్నీ గజాల్లోనే వచ్చేవి. శత్రువులు పారాచూట్లలో దిగిన రెండో రోజు మధ్యాహ్నం ఫోను తీగ తెగిపోయి, రన్నర్ చేత చీటీ వచ్చింది. ఎండిన ఏటి ఇవతలి గట్టు మీద శత్రువులు, పద్దెనిమిది వందల గజాలు. ఆలివ్ తోటల వెనక, కంటికి కనబడని చోటు. రెన్విక్ చక్రం పద్దెనిమిదికి తిప్పాడు. ఆరు గుళ్లు.

ఏటి అవతలి గట్టు మీద, అందరి నుంచీ తెగిపోయి, రెన్విక్ వాళ్ల మనుషులే ఓ పదిమంది ఇంకా నిలబడి పోరాడుతున్నారు. వాళ్లలో నలుగురు ఆ మధ్యాహ్నం పోయారు. గుళ్లు మన వైపు నుంచే వచ్చాయని, ఆరు లెక్కపెట్టానని, బతికినవాడొకడు యుద్ధం అయ్యాక డునెడిన్‌లో ఓ బార్‌లో అన్నాడు. ఎవరు పేల్చారో వాడికి తెలియదు. రెన్విక్ బీరు తాగేసి బయటికి వచ్చాడు. తన గురి ఇవతలి గట్టు మీదనే కదా అనుకున్నాడు. ముప్పై ఏళ్లు అలాగే అనుకున్నాడు. ఆ తర్వాత ఎక్కడో ఓ పుస్తకంలో, ఫ్రెంచి ఫిరంగుల దూరం చక్రాల మీది అంకెలన్నీ మీటర్లలో ఉంటాయని చదివాడు.

“నువ్వు ఫిట్టరువి. కొలతలు తెలిసినవాడివి,” అన్నాడు దేవపాల్‌తో. “అందరూ తప్పు నాది కాదంటారు. ఎలా కాదో ఎవడూ లెక్క కట్టి చూపించడు. నువ్వు చూడు. చూసి చెప్పు.”

దేవపాల్ చూశాడు. మూడు ఆదివారాలు లైబ్రరీలో కూర్చుని మ్యాపు దింపుకున్నాడు. ఆ మధ్యాహ్నం ఆ వైపు పేల్చిన ఫిరంగి ఇంకోటి ఏ పుస్తకంలోనూ దొరకలేదు. ఒకటైనా దొరకాలని వెతికాడు. కట్టిన లెక్కను మళ్లీ మళ్లీ కట్టాడు. పద్దెనిమిది వందల మీటర్లంటే పంతొమ్మిది వందల అరవై ఎనిమిది గజాలు. ఇవతలి గట్టు నుంచి అవతలి గట్టుకు మ్యాపు మీద, చీటీలోని దూరం పోగా మిగిలినంతే ఉంది, అయిదారు గజాలు అటూ ఇటూగా.

నిన్న రెన్విక్ కూతురు మోరీన్ అతన్ని కారిడార్‌లో ఆపింది. “నాన్న నా మాట వినడు. మీ మాట వింటాడు. మీరు మెషీన్ మనిషట. ఇంకెన్నో రోజులు లేవు, పాల్. ఆయనది కాదని చెప్పండి. ప్లీజ్.” ఆమె కళ్ల కింద ఉబ్బి ఉంది. దేవపాల్ తలూపాడు. ఆ తలూపడం ఒప్పుకోవడమో, విన్నానని చెప్పడమో అతనికే తెలియదు. ఆమె మాత్రం ఒప్పుకున్నాడనే అనుకుని చెయ్యి పట్టుకుంది.

బస్సు కాన్స్టలేషన్ స్టేషన్‌లో ఆగి కదిలింది. ఇంకొక్క స్టేషనే.

కాదని చెప్పడం దయేనా? ఆ దయ ఎలా ఉంటుందో అతనికి తెలుసు. బాలానగర్‌లో కొమురమ్మ అనే ఆపరేటరు ఉండేది. సిలిండర్‌కు నూనె కారకుండా కొత్త సీళ్లు వేశాక అరగంట ప్రెషర్‌లో ఉంచి మీటరు ముల్లు దిగుతోందేమో చూడాలి. దేవపాల్ పది నిమిషాలు చూశాడు. టీ వచ్చింది. కాగితం మీద అరగంట అని రాశాడు. మూడోరోజు ప్రెస్సు దానంతటదే దిగి, కొమురమ్మ కుడిచేతి మూడు వేళ్లు పోయాయి. ఆస్పత్రిలో అతను మంచం పక్కన నిలబడి నోరు తెరిచేలోగా ఆమే అంది. “నీ తప్పేముందన్నా, నా రాత గట్లుంది.” వార్డులో ఉన్నవాళ్లంతా అవునన్నారు. మేనేజర్ అవునన్నాడు. అతను తెరిచిన నోరు మూసుకున్నాడు. ఆమె క్షమించిందా? ఆమెకు తెలియనిదాన్ని ఆమె ఎలా క్షమిస్తుంది? చెప్పి ఉంటే ఆమె తిట్టేది, ఆ ఎడమచేత్తోనే కొట్టేది. అక్కడితో ఏదో ఒకటి జరిగి ఉండేది. ఏమీ జరగలేదు. ఏమీ జరగకపోవడమే పన్నెండేళ్లుగా జరుగుతోంది.

అయితే, తనకు కావలసింది రెన్విక్‌కు ఇవ్వాలనుకుంటున్నాడా? తన బరువు దించుకోవడానికి పోయే మనిషిని వాడుకుంటున్నాడా? ఆల్బనీలో దిగి నడుస్తున్నంతసేపూ ఈ ప్రశ్న వదల్లేదు. రెండూ నిజమే అయ్యుండొచ్చుననిపించింది. అంతకంటే శుభ్రమైన కారణం కోసం ఆగితే ముసలాయన ఆగడు.

గదిలో మోరీన్ ముందే వచ్చి కూర్చుంది. రెన్విక్ దిండ్లకు ఆని ఉన్నాడు. మూడు రోజుల్లోనే మొహం చిక్కిపోయింది.

“వచ్చాడు మా ఇన్‌స్పెక్టర్,” అన్నాడు. “నా గడ్డం గీస్తావా, నా లెక్క తేలుస్తావా ముందు?”

“గడ్డం,” అన్నాడు దేవపాల్.

“పిరికివాడివి.”

నురుగు రాసి గీశాడు. చెంపలు, దవడ, గొంతు దగ్గర చర్మం లాగిపట్టి నెమ్మదిగా. తడి తువ్వాలుతో తుడిచాడు. ఇక చేయడానికి పనేమీ మిగల్లేదు. మోరీన్ అతని మొహం వైపే చూస్తోంది.

“చెప్పు,” అన్నాడు రెన్విక్.

“అక్కడ శత్రువుల మోర్టార్లు కూడా ఉన్నాయి, మిస్టర్ రెన్విక్. పొగ, గందరగోళం. రన్నర్ తెచ్చిన చీటీలో కూడా తప్పు ఉండొచ్చు.”

“చూశావా నాన్నా,” అంది మోరీన్, గొంతు పెంచి. “ఆయన కూడా అదే అంటున్నాడు.”

రెన్విక్ కూతురి వైపు తిరగలేదు. దేవపాల్‌ని చూస్తూనే ఉన్నాడు. ఆ చూపులో కోపం లేదు. నమ్మకం పెట్టుకున్నచోట కూడా అందరూ ఇచ్చిందే దొరికినప్పటి అలసట ఉంది. తర్వాత ఆ చూపు మెల్లగా అతని మీది నుంచి జారి, గోడ మీదికి వెళ్లింది. “సరే,” అన్నాడు, మర్యాదగా. “థాంక్యూ, పాల్.”

ఆ థాంక్యూ దేవపాల్ తట్టుకోలేకపోయాడు. అతను కూడా ఒకప్పుడు ఓ వార్డు నిండా మనుషులకు అలాగే, అంత మర్యాదగానే, చేతులు జోడించి బయటికి వచ్చాడు.

మోరీన్ లేచి కర్టెన్ సర్దుతోంది. ఆమె భుజాలు తేలికపడినట్టు కనిపించాయి. ఇప్పుడు నోరు మూసుకుని వెళ్లిపోతే చాలు. పక్క గదిలో ఎవరో బెల్ నొక్కుతున్నారు.

అతను వెళ్లలేదు. తువ్వాలు పక్కన పెట్టి మంచం మీదికి వంగాడు. ముసలాయన కుడి చెవి దగ్గర, మోరీన్‌కు కూడా వినబడేంత గట్టిగా, అన్నాడు.

“నూట అరవై ఎనిమిది గజాలు దాటి పడ్డాయి, మిస్టర్ రెన్విక్. అవి మీవే.”