బెణుకే కదా

ఉతికిన బట్టలు డాబా మీద ఆరేయడానికి బకెట్టు ఎత్తుకుని వెళ్తుంటే, చివరి మెట్టు దగ్గర ఆమె కుడికాలు మళ్ళీ మడతపడింది. పడటం ఆమెకు కొత్త కాదు. పడేటప్పుడు ఏం చేయాలో కూడా అలవాటైపోయింది. ముందు బకెట్టుని ఒంటికి అదుముకోవాలి, తర్వాత ఎడమ మోచెయ్యి గోడకి ఆనించాలి, ఆ తర్వాతే కూలబడాలి. ఈసారి మోచెయ్యికి గోడ అందలేదు. తడి బట్టలన్నీ దుమ్ములో పడ్డాయి. వాటి మధ్య ఆమె.

కిందనుంచి అత్తగారి గొంతు వినిపించింది. "ఏంటే ఆ చప్పుడు? బట్టలు పడ్డాయా?"

"లేదత్తయ్యా" అంది, మట్టి అంటుకున్న దుప్పటిని దులుపుకుంటూ.

అబద్ధం ఎందుకు చెప్పిందో ఆమెకే తెలియలేదు. డాబా మీది కుళాయి దగ్గర మళ్ళీ అన్నీ జాడించి ఆరేసి, కుంటుకుంటూ దిగొచ్చేసరికి భర్త టిఫిను ముందు కూర్చుని ఉన్నాడు. డ్రైవింగ్ స్కూల్లో నేర్పే ఉద్యోగం ఆయనది. క్లచ్చి మీద కాలు ఎలా పెట్టాలో, బ్రేకు మీంచి ఎప్పుడు తియ్యాలో ఊళ్ళోవాళ్ళందరికీ ఓపిగ్గా చెబుతాడు. ఆమె నడక చూడగానే ఆయన ముఖం వెలిగింది. "వచ్చిందమ్మా మా తప్పటడుగు! కళ్ళెక్కడ పెట్టుకుని నడుస్తావోయ్?"

తప్పటడుగు. అది ఆయన పెట్టిన ముద్దుపేరు. చుట్టాల ముందు కూడా అలాగే పిలుస్తాడు. ఒక్కనాడూ కోపంగా అనలేదు. కోపంగా అని ఉంటే ఏదో ఒక జవాబు చెప్పేదేమో. నవ్వుతూ అన్నదానికి ఏం చెప్పాలి? తనూ నవ్వేది. నిజమేగా, చదునైన నేల మీద కూడా పడే మనిషిని ఇంకేమని పిలుస్తారు? దారిలో గులకరాయి ఉన్నా కాలు మడతపడేది, లేకపోయినా పడేది. విచిత్రం ఏమిటంటే, పోనుపోను నొప్పి తగ్గింది. నమ్మకమే పోయింది. కాలు ఎత్తి మళ్ళీ కింద పెట్టేలోపు ఒక చిన్న అనుమానం వచ్చేది, ఇది నిలుస్తుందా లేదా అని.

మొదటిసారి బెణికింది ఆడపడుచు పెళ్ళి రోజుల్లో. ఇంటినిండా బంధువులు. అటక మీంచి పెద్ద గిన్నె దించబోయి, స్టూలు మీంచి పక్కకి జారింది. లోపల ఏదో తెగినట్టు 'టప్' మన్న చప్పుడు తనకే వినిపించింది. చూస్తుండగానే చీలమండ బంతిలా ఉబ్బింది. అత్తగారు వచ్చి వేళ్ళతో నొక్కి చూసి, "బెణుకే కదా! విరిగితే అడుగు కూడా వెయ్యలేవు" అని తేల్చేశారు. ఎవరో తడిగుడ్డ చుట్టారు. ఆ సాయంత్రం ఆమె స్టవ్వు పక్కకి కుర్చీ లాక్కుని, దానిమీద ఒక మోకాలు ఆనించి, ఒంటికాలి మీద నిలబడి ఇంటిల్లిపాదికీ కాఫీలు కలిపింది. అలాగని ఆమె జ్ఞాపకం.

బడిలో ఆ సంగతి జరగకపోతే డాక్టరు దాకా వెళ్ళేదే కాదు. హైస్కూల్లో సైన్సు ల్యాబు చూసుకుంటుందామె. గాజు సామాను కడగడం, తుడవడం, పిల్లలు వచ్చేసరికి బల్లల మీద సర్దడం. ఆరోజు స్టోరు గది గడప దాటుతుండగా కాలు మడతపడి, ట్రేలోని ఫ్లాస్కులన్నీ భళ్ళుమన్నాయి. "భూకంపం వచ్చిందనుకున్నా" అన్నాడు సైన్సు మాస్టారు. పిల్లలు పగలబడి నవ్వారు. సాయంత్రం హెడ్‌మిస్ట్రెస్ పిలిచి, "అవి ఖాళీవి కాబట్టి సరిపోయింది. యాసిడ్ సీసాలైతే? డాక్టరుకి చూపించుకో. అప్పటిదాకా ట్రే ముట్టుకోవద్దు" అంది.

భర్త తోడు వచ్చాడు. డాక్టరు అడిగే ప్రతి ప్రశ్నకీ ఆమె నోరు తెరిచేలోపే ఆయన జవాబు చెబుతున్నాడు.

"ఎన్నిసార్లు మడతపడింది?"

"ఎప్పుడైనా ఒకసారండీ. కాస్త పరధ్యానం మనిషి."

ఎముకల డాక్టరు ఆ మాట విన్నాడో లేదో, ఆమెను చెప్పులు విప్పి గోడవైపు తిరిగి నిలబడమన్నాడు. వెనకనుంచి వంగి మడమలు చూశాడు. ఎన్నడూ ఎవరూ తన మడమలకేసి అలా చూసి ఎరగరు. ఆమెకు సిగ్గేసింది, పగుళ్ళు కనిపిస్తాయని. తర్వాత బల్ల మీద కూర్చోబెట్టి, ఒక చేత్తో పిక్క కింది ఎముకని కదలకుండా పట్టుకుని, రెండో చేత్తో మడమని ముందుకి లాగాడు. పాదం సొరుగులా ముందుకి జారింది. ఆమె ఉలిక్కిపడింది. తన ఒంట్లోది అంత సులువుగా బయటికి వస్తుందని ఆమెకు తెలియదు. ఎడమకాలినీ అలాగే లాగాడు. అది మొండికేసింది, ఇసుమంత కూడా కదల్లేదు.

పాదాన్ని పక్కకి వంచి పట్టి ఎక్స్‌రేలు తీశారు. స్కాన్ తీశారు. అన్నీ చూశాక డాక్టరు చెప్పాడు. "చీలమండ బయటివైపు కీలుని పట్టి ఉంచే లిగమెంట్లు ఉంటాయమ్మా. మొదటిసారి తెగినప్పుడు సరిగా అతుక్కోలేదు. పాత ఎలాస్టిక్కులా సాగిపోయాయి. దానికి తోడు మీ మడమ ఎముక లోపలికి వాలి ఉంది. బరువంతా పాదం బయటి అంచు మీద పడుతోంది. చీలమండ కింద ఉండే కీలు కూడా వదులైంది. ఇంక కాలు నిలవమంటే ఎలా నిలుస్తుంది? మీరు జాగ్రత్తగా ఉండకపోవడం కాదిది."

ఆ చివరి మాట ఆమె చెవిలో పడింది గానీ లోపలికి దిగలేదు. తను కాకపోతే మరెవరు?

"మొదటిసారి బెణికినప్పుడు విశ్రాంతి తీసుకున్నారా?" డాక్టరు అడిగాడు.

ఆమె భర్తవైపు చూసింది. "తీసుకుందండీ. మా అమ్మ మంచం దిగనివ్వలేదు" అన్నాడాయన. ఏ తడబాటూ లేదు. డాక్టరు ఆమెవైపు తిరిగాడు. ఆమె తల ఊపింది.

ఎందుకు ఊపింది? బస్సులో ఇంటికి వస్తూ అదే ఆలోచన. ఆయన అబద్ధం చెప్పాడా? అబద్ధం చెప్పేవాడి కళ్ళు అలా ఉండవు. మర్చిపోయాడా? లేక తనే తప్పుగా గుర్తుపెట్టుకుందా? ఉండబట్టలేక అత్తగారినే అడిగింది. ఆవిడ కందిపప్పులో రాళ్ళు ఏరుతూ తలెత్తారు. "నిన్ను మంచం దిగనిచ్చానుటే? పెళ్ళి పనులన్నీ నేనొక్కదాన్నే నెత్తినేసుకోలేదూ? మేలు మరిచిపోతే ఎలాగమ్మా?" ఆవిడ గొంతులో నిజమైన నొప్పి ఉంది. ఇద్దరు మనుషులకి ఒకేలా గుర్తున్నది, తనకొక్కదానికే వేరేలా గుర్తుంటే, ఎవరిది కల? స్టవ్వు పక్కన కుర్చీ, దానిమీద తన మోకాలు, గుడ్డలోంచి ఉబికిన పాదం, అన్నీ కళ్ళకి కట్టినట్టున్నాయి. కానీ చాలాసార్లు తలుచుకున్న కలలు కూడా అలాగే ఉంటాయిగా.

అంతకంటే భయం వేసిన ఆలోచన ఇంకొకటుంది. ఇన్నేళ్ళ కాపురంలో ఆమెకు ఒక్కసారే కడుపు వచ్చింది. నిలవలేదు. అప్పుడు ఆడపడుచు అంది, "మెట్ల మీద పడే ఉంటుంది, బయటికి చెప్పదు" అని. ఆమె పడిన మాట నిజం. చెప్పని మాటా నిజం. దానికే పోయిందని ఏ డాక్టరూ అనలేదు, కాదనీ అనలేదు. ఆమె మాత్రం ఆ తప్పుని మారుమాట లేకుండా తన కొంగున ముడేసుకుంది. ఇప్పుడు ఎవరో ముక్కూమొహం తెలియని మనిషి మడమ పట్టుకు లాగి, ఇది నీ అజాగ్రత్త కాదు అంటున్నాడు. అయితే ఆ ముడి విప్పి ఎవరికివ్వాలి? తిరిగి ఇచ్చేయడానికి అది ఎవరో ఇస్తే తీసుకున్నది కాదు. తేలికపడాల్సిన మనసు ఇంకా బరువెక్కింది. తప్పు తనదే అయినన్నాళ్ళూ లోకం ఒక పద్ధతిలో ఉన్నట్టుండేది.

డాక్టరు ముందు వ్యాయామాలు రాసిచ్చాడు. ఆస్పత్రిలో ఫిజియో అమ్మాయి ఆమెను ఊగే చెక్క మీద నిలబెట్టేది, పాదానికి రబ్బరు పట్టీ తగిలించి బయటికి లాగించేది, కళ్ళు మూసుకుని ఒంటికాలి మీద నిలబడమనేది. కళ్ళు తెరిచి ఉంటే నిలబడగలిగేది. మూయగానే ఒరిగిపోయేది.

"మీ పాదం తను ఎక్కడుందో మీకు చెప్పడం మానేసింది. అందుకే మీరు ఎప్పుడూ నేలకేసి చూస్తూ నడుస్తారు" అందా అమ్మాయి. "ఇంట్లో చేస్తున్నారా?"

"రోజూ చేస్తున్నానమ్మా."

"ఏ టైములో?"

"వంట చేస్తూ. స్టవ్వు ముందు ఒంటికాలి మీద నిలబడుతున్నా. మా ఆయన కొంగ అని నవ్వుతారు."

ఆ అమ్మాయి నవ్వలేదు. "వంట చేస్తూ చేస్తే అది వంటేనండీ" అంది.

కొన్ని నెలలు గడిచాయి. కాలికి బలం కొంచెం వచ్చింది, నిలకడ రాలేదు. డాక్టరు మళ్ళీ మడమ లాగి చూసి పెదవి విరిచాడు. ఆపరేషన్ అన్నాడు. సాగిన లిగమెంట్లని బిగించి కుట్టాలి, మడమ ఎముకని కాస్త కోసి తిన్నగా జరపాలి. "తర్వాత ఆరు వారాలు ఆ కాలు కింద పెట్టకూడదు. పెట్టారంటే అంతా మొదటికొస్తుంది."

ఆరు వారాలు కాలు కింద పెట్టకూడదు. ఆ మాట వినగానే ఆమె గుండెల్లో ఏదో గుప్పుమంది. భయం అనుకుంది ముందు. కాదు, సంతోషం! ఎముక కోస్తామంటే సంతోషించే మనిషి ఉంటుందా ఎక్కడైనా? ఆమెకు తన మీద తనకే అసహ్యం వేసింది. ఆ సంతోషం ముఖంలో కనబడుతుందేమోనని తల దించుకుంది. తల దించుకున్న భార్యని చూసి, భయపడుతోందనుకుని, భర్త భుజం తట్టాడు.

ఇంట్లో మంతనాలు మొదలయ్యాయి. "ఆరు వారాలా? నా మోకాళ్ళ సంగతి డాక్టరుకి చెప్పావా?" అన్నారు అత్తగారు. ఆడపడుచు ఫోనులోంచి, "వద్దు వదినా, మా ఆఫీసులో ఒకావిడ చేయించుకుని ఇప్పటికీ కుంటుతోంది" అంది. భర్త అందరి మాటా విని, మధ్యేమార్గం చెప్పాడు. "చీలమండకి బెల్టు వేసుకుంటే సరిపోతుంది. బడిలో ట్రేలు మోయడం మానెయ్. అంతగా అయితే ఉద్యోగమే మానెయ్. నీ ఆరోగ్యం కంటే ఎక్కువా?"

మానేయవలసినవాటిలో డాబా మెట్లు లేవు. అది ఆమె గమనించింది. గమనించాక, తను మరీ తప్పులెన్నుతోందేమో అనుకుంది. ఎందుకంటే ఆ సాయంత్రమే ఆయన టీవీ ముందు కూర్చుని, "ఇలా చాపు, మందు రాస్తాను" అన్నాడు. ఆమె కాళ్ళు చాపింది. ఆయన ఒక పాదం ఒళ్ళోకి తీసుకుని, వేలికొసలతో చీలమండ చుట్టూ మెల్లగా, ఎంతో ప్రేమగా మందు రాశాడు. "హాయిగా ఉందా?" అనడిగాడు.

ఆయన ఒళ్ళో ఉన్నది ఎడమకాలు.

చెబుదామనుకుంది. మాట పెదవి దాకా వచ్చింది. ఆయన చేతులు వెచ్చగా ఉన్నాయి. ఆ కాలికి నిజంగానే హాయిగా ఉంది. కుడికాలు పక్కన, చల్లటి గచ్చు మీద, ఎవరికీ పట్టనట్టు పడి ఉంది. ఇది ప్రేమ కాదంటే అన్యాయం అవుతుంది. ప్రేమే అంటే మరి ఆ కాలి గతి ఏమిటి? ఏడుపు రాలేదు, కోపం రాలేదు. ఏం రావాలో తెలియనట్టు ఆమె అలా చూస్తూ ఉండిపోయింది, ఆయన మందు రాయడం అయిపోయేదాకా.

మర్నాడు మధ్యాహ్నం ల్యాబులో ఎవరూ లేనప్పుడు అక్కకి ఫోన్ చేసింది. బట్టలు కుట్టుకుంటూ ఒంటరిగా బతికే మనిషి అక్క. షాపు వెనకే గది, మెట్లు లేని ఇల్లు. ఆపరేషన్ సంగతంతా చెప్పింది. అవతల కుట్టుమిషను ఆగిన చప్పుడు వినిపించింది.

"అక్కా, ఒకటడగనా? నాకు మొదటిసారి కాలు బెణికినప్పుడు, పెళ్ళిలో, నేను పడుకున్నానా?"

"నాకేం తెలుసే, నేను ముహూర్తానికొచ్చి భోజనం కాగానే వెళ్ళిపోయా. నువ్వు వడ్డిస్తున్నావో లేదో కూడా గుర్తులేదు. ఎందుకు, ఇప్పుడది తేలాలా?"

తేలాలా? ఆమె ఆలోచించింది. సాక్షి దొరికితే బాగుండుననుకుంది. దొరకలేదు. ఇక ఎప్పటికీ దొరకదు. "ఏమో. అక్కర్లేదేమో" అంది.

"అయితే రా, ఆ ఆరు వారాలూ ఇక్కడుందువుగాని. ఊరికే కూర్చోబెడతాననుకోకు, గుండీలు కుట్టిస్తా."

"పడుకుని కుట్టొచ్చా?"

"బోర్లా పడుకుని కూడా కుట్టొచ్చు" అంది అక్క. ఇద్దరూ నవ్వారు. చాలాసేపు నవ్వారు.

బెల్టు వద్దని, ఆపరేషనే చేయించుకుంటానని ఆమె ఇంట్లో చెప్పింది. ఆస్పత్రిలో చేర్చుకునే రోజు, నర్సు మంచం పక్కన నిలబడి అడిగింది. "డిశ్చార్జ్ అయ్యాక చూసుకోవడానికి ఇంట్లో ఎవరున్నారు?"

"నేనున్నాను, మా అమ్మ ఉంది" అన్నాడు భర్త. "అయినా మా ఆవిడని మంచంలో ఉంచడం ఎవరి తరమూ కాదండీ. ఊరికే కూర్చోలేదు. చూడండి, రెండో వారానికల్లా లేచి తిరుగుతుంది." పెళ్ళాం పనితనం చెప్పుకునే గర్వం ఆయన గొంతులో.

ఆమె దిండుకి ఆనుకుని కూర్చుంది. "ఇంటికి వెళ్ళడం లేదమ్మా. మా అక్క దగ్గరికి వెళ్తున్నాను. ఆవిడ సాయంత్రం వస్తుంది" అంది నర్సుతో.

భర్త నవ్వబోయి ఆగాడు. "అదేంటి? నాకు చెప్పనేలేదు. అమ్మ ఏమనుకుంటుంది?"

"తెలీదండీ."

"నేనేం తక్కువ చేశానని?"

ఆమె నిజంగానే వెతికింది, ఆ ప్రశ్నకి జవాబు. ఒక్కటి, ఇదీ అని చూపించగలిగేది ఏదీ చేతికి దొరకలేదు. "అదీ తెలీదు" అంది.

ఆయన మంచం పట్టీ మీద చెయ్యి వేశాడు. ముఖంలో కోపం లేదు. తోవ తప్పినవాడిలా ఉన్నాడు. ఆమెకు జాలేసింది. జాలేసినా మాట వెనక్కి తీసుకోలేదు. నర్సు మందుల ట్రే సర్దుకుని పక్క మంచం దగ్గరికి వెళ్ళింది. కాసేపటికి ఆయనే గొంతు తగ్గించి అడిగాడు. "సరే. ఆరు వారాలు. ఆ తర్వాత తిన్నగా ఇంటికే కదా?"

"ముందు నిలబడటం రానివ్వండి" అందామె. "ఎటు నడవాలో అప్పుడు చూసుకుంటాను."