గొంతు ఒక్కటి తప్ప

పదకొండేళ్ళ తర్వాత రోస్వితా కాల్వైట్‌కి మళ్ళీ వేషం దొరికింది. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో బెర్లిన్ ఆమెను నెత్తిన పెట్టుకుంది. ఏ గోడ మీద చూసినా ఆమె బొమ్మే. యుద్ధంలో ఓడిపోయాక ఆ బొమ్మలు అంటించినవాళ్ళే, "ఆ యుద్ధం తెచ్చిన ప్రభుత్వం సినిమాల్లో నవ్విన మనిషి కదా" అని ముఖం చాటేశారు. తాము చప్పట్లు కొట్టిన సంగతి ఒక్కడికీ గుర్తులేదు! అలా నవ్వినందుకు ఆమెకూ సిగ్గుగానే ఉండేది, అది వేరే మాట.

పొట్ట గడవాలి కదా, డబ్బింగ్‌లో చేరింది. తొమ్మిదేళ్ళుగా ఒక అమెరికా తారకు జర్మన్ గొంతు ఈమెదే. ఒక్కో ఫిల్ము ముక్కనూ తెర మీద పదేసిసార్లు తిప్పుతారు, ఆ పెదవులకు సరిపోయేలా మాట పలకాలి. పేరు మాత్రం ఎక్కడా వేయరు.

ఇప్పుడు బ్రాండిస్ అనే దర్శకుడు రొట్టెల కొట్టు నడిపే విధవరాలి వేషం ఇచ్చాడు. డబ్బింగ్‌లో ఫిల్ము ముక్కలు అతికించే హెన్నీ ఊరుకుంటుందా?

"ఏమేవ్ తారామణీ! ఇక నల్లకళ్ళద్దాలు పెట్టుకుని మమ్మల్ని గుర్తుపట్టనట్టు పోతావేమో!"

"నోరు ముయ్యవే. ఈసారి జనం చూసేది నన్ను, హెన్నీ. నన్ను!" అంది రోస్వితా.

షూటింగ్ అయిపోయింది. విడుదలకు ముందు సినిమా హాళ్ళ యజమానులకు చూపించారు. రోస్వితా వెనక వరసలో కూర్చుంది. తెర మీద ఆమె నోరు తెరిచిందో లేదో, ముందు వరసల్లో కిసుక్కుమన్నారు.

"ఇదేంటయ్యా, ఈవిడ ఆ అమెరికా ఆవిడ గొంతుతో మాట్లాడుతోంది!" అన్నాడొకడు. హాలంతా ఘొల్లుమంది.

మర్నాడు బ్రాండిస్ పిలిపించాడు.

"ముఖం అద్భుతంగా పలికింది రోస్వితా గారూ. గొంతు ఒక్కటీ మార్పించేద్దాం."

"అది నా గొంతండీ!"

"నాకు తెలుసు, మీకు తెలుసు. జనానికి తెలీదే! మీరు కాదంటే వేషం ఇంకొకరితో మళ్ళీ తీయాల్సొస్తుంది."

ఇదెక్కడి అన్యాయం చెప్పండి! సొంత గొంతుకే దొంగ సొత్తన్న ముద్ర. ఆమెకు ఒళ్ళు మండిపోయింది. కానీ కాదంటే ఆ ముఖం కూడా దక్కదు. తలూపింది.

గొంతు ఇవ్వడానికి గెర్లిండె అనే పిల్లను తెచ్చారు. నాటకాల బడి నుంచి అప్పుడే బయటికొచ్చింది. గొంతు బాగుంది కానీ మాట పెదవులకు అందడం లేదు. ఉదయం నుంచి ఇరవైసార్లు తిప్పారు. పిల్ల ఏడుపు ముఖం పెట్టింది. బ్రాండిస్‌కి విసుగొచ్చి రోస్వితాకు కబురు పెట్టాడు.

"మీకు చెయ్యి తిరిగిన పని కదా. ఊపిరి ఎక్కడ తీసుకోవాలో పిల్లకు ఒక్కసారి చూపించండి."

రోస్వితా మైకు ముందు నిలబడింది. తెర మీద తన ముఖమే, తన పెదవులే. ముక్క తిరిగింది.

"ఆయన కోటు ఇంకా అక్కడే వేలాడుతోంది. తీయబుద్ధి కాలేదు."

వెంట్రుకవాసి తేడా లేకుండా సరిపోయింది. గెర్లిండె కళ్ళు తుడుచుకుంది. హెన్నీ ముఖం పక్కకు తిప్పుకుంది.

"సరిగ్గా ఇలాగే," అన్నాడు బ్రాండిస్. "చూశావుగా అమ్మాయ్? ఇప్పుడు నువ్వు చెప్పు."

రోస్వితా మైకు ముందు నుంచి పక్కకు తప్పుకుంది.